గైర్హాజరు

మా అమ్మ పేరు కోర్టు వరండాలో మూడుసార్లు పిలిచారట. మూడుసార్లూ జవాబు రాలేదు. ఆ రోజు డాకెట్ షీటు మీద ఇంగ్లీషులో రెండే వాక్యాలున్నాయి. తెలుగులో చెప్పుకుంటే ఇంతే: అప్పీలుదారును పిలిచినా రాలేదు, ఆమె తరఫున ఎవరూ లేరు. కాబట్టి గైర్హాజరు కారణంగా అప్పీలు కొట్టివేయడమైనది.

ఇది జరిగింది 2022 జులైలో. మాకు తెలిసింది 2023 ఫిబ్రవరిలో. పాపకి పాలిస్తూ, ఒక చేత్తో ఫోను పట్టుకుని, అమ్మ కేసు ఎంతదాకా వచ్చిందో చూద్దామని ఈ-కోర్టుల సైటులో నంబరు కొట్టాను. కేసు ముగిసిందని వచ్చింది. ఎలా ముగిసిందో చెప్పే గడిలో రెండు ముక్కలున్నాయి. ఒకటి 'అన్‌కంటెస్టెడ్', రెండోది 'డిస్మిస్డ్ ఫర్ డిఫాల్ట్'. రెండోదాని కంటే మొదటి మాటే నన్ను ఎక్కువ కోసింది. అన్‌కంటెస్టెడ్ అంటే పోటీ లేకుండా, తగాదా లేకుండా అని. పదిహేనేళ్లు అన్నదమ్ములతో మాటలు పోగొట్టుకుని, తల్లిగారింటి గడప తొక్కకుండా, వాయిదా వాయిదాకీ టిఫిను డబ్బా సర్దుకుని కోర్టుకు పోయిన మనిషి కేసు చివరికి తగాదా లేని కేసుల లెక్కలో చేరింది.

ఆ కోర్టు ఏదో, ఆ వకీలు ఎవరో ఇక్కడ చెప్పను. వాళ్ల మీద ఫిర్యాదు చేయడానికి ఇది రాయడం లేదు. ఆ రోజు అమ్మ ఎందుకు రాలేదో రాసుకోడానికి కోర్టు కాగితంలో చోటు లేదు. ఆ సంగతి ఎక్కడో ఒకచోట రాసి ఉండాలి కదా అనిపించింది, అంతే.

మా అమ్మ తల్లిగారిది బాలాపూర్. ఇప్పుడు బాలాపూర్ అంటే ఎవరికైనా గుర్తొచ్చేది గణపతి లడ్డు వేలం. 1994లో ఆ వేలం మొదలైనప్పుడు లడ్డు 450 రూపాయలకు పోయింది. 2025లో 35 లక్షలకు పోయింది. పాడుకున్నవాళ్లు ఇంటింటికీ పంచి, మిగిలింది పొలంలో చల్లుకునేవారు, పంట బాగొస్తుందని. మా చిన్నతనంలో దిల్‌సుఖ్‌నగర్‌లో బస్సెక్కి అమ్మతో పోయేటప్పుడు ఊరు దగ్గరపడుతుందనగా జొన్నచేలు కనిపించేవి. 2008లో శంషాబాద్ విమానాశ్రయం వచ్చింది, ఆ వైపు భూమి ధరలు ఎక్కడికో పోయాయి. ఇప్పుడు చేలున్నచోట హద్దురాళ్లు, కాలనీ పేర్ల బోర్డులు. లడ్డు ధర పెరిగిన తీరు చూస్తే చాలు, ఆ ఊళ్లో ఒక ఆడపిల్ల భూమి అడగడం ఎంత పెద్ద నేరమైపోయిందో అర్థమవుతుంది.

మా తాత భూమి 36 గుంటలు. తాత తండ్రి నుంచి వచ్చింది. తాతకి ముగ్గురు పిల్లలు, ఇద్దరు కొడుకులు, మధ్యలో మా అమ్మ. అమ్మమ్మ ముందే పోయింది. తాత 1998లో పోయాడు. ముగ్గురు పిల్లలున్నప్పుడు 36 గుంటల్లో ఒక్కొక్కరికి ఎంత వస్తుందని మూడో తరగతి పిల్లనడిగితే పన్నెండని చెబుతుంది. మన చట్టానికి ఆ లెక్క రావడానికి చాలా ఏళ్లు పట్టింది.

1956 నాటి హిందూ వారసత్వ చట్టం ప్రకారం పిత్రార్జితమైన ఉమ్మడి ఆస్తిలో పుట్టుకతో వచ్చే హక్కు కొడుకులదే. అంటే ముందు తాతకీ ఇద్దరు కొడుకులకీ మూడు భాగాలు చెయ్యాలి. తాత భాగాన్ని మళ్లీ ముగ్గురు పిల్లలకి పంచాలి. అలా అమ్మకి వచ్చేది మూడో వంతులో మూడో వంతు, తొమ్మిదో వంతు. నాలుగు గుంటలు. ఎన్టీఆర్ ప్రభుత్వం తెచ్చిన సవరణ 1985 సెప్టెంబరు 5 నుంచి కూతుళ్లకీ పుట్టుకతో హక్కు ఇచ్చింది. దేశంలో అంతకుముందు కేరళ ఉమ్మడి ఆస్తి పద్ధతినే రద్దు చేసింది, కాని కూతుర్ని కొడుకుతో సమానంగా అందులో కూర్చోబెట్టింది మన రాష్ట్రమే. కాకపోతే ఆ తేదీకి పెళ్లికాని కూతుళ్లకే అది వర్తిస్తుంది. అమ్మ పెళ్లి 1981లో అయింది. తల్లిగారింటి హక్కు నాలుగేళ్ల తేడాలో తప్పిపోయింది. తర్వాత 2005 సెప్టెంబరు 9న కేంద్ర చట్టాన్నే సవరించారు. పెళ్లయిందా లేదా అన్న ప్రశ్న పోయింది.

ఆ కబురు పేపర్లో చదివి నేనే అమ్మకి చెప్పాను. అప్పుడు నేను డిగ్రీ చదువుతున్నాను. రెండేళ్లు నానిపోయి, 2007లో అమ్మ భాగపంపకం దావా వేసింది. వేసేముందు పెద్దమామ ఇంటికి పోయి నోటితో అడిగింది. "పసుపు కుంకుమ కింద ఇచ్చింది సాలదా చెల్లె?" అన్నాడట మామ. హక్కు వదులుకున్నట్టు సంతకం పెడితే ఏటా పండక్కి చీర పెట్టి పంపుతానన్నాడట. అమ్మ సంతకం పెట్టలేదు. ఆ ఏడు నుంచి చీర లేదు, రాఖీ లేదు. గణపతి నిమజ్జనం నాడు బాలాపూర్ లడ్డు వేలం టీవీలో వస్తుంటే అమ్మ పని ఆపి నిలబడి చూసేది, జనంలో తెలిసిన మొహాలు ఏమైనా కనిపిస్తాయేమోనని. ఆడవాళ్లు ఆస్తి ఎందుకు అడగరని మనం సెమినార్లలో మాట్లాడుకుంటాం. అడిగితే పోయేదాని లెక్క ఏ దావాలోనూ రాయరు.

కింది కోర్టు 2016లో ప్రాథమిక డిక్రీ ఇచ్చింది. అంతకుముందు ఏడే, 2015లో, ప్రకాశ్ - ఫూలవతి కేసులో సుప్రీంకోర్టు, సవరణ వచ్చిన నాటికి తండ్రి బతికి ఉంటేనే కూతురికి ఆ హక్కు అని చెప్పింది. తాత 1998లోనే పోయాడు. కాబట్టి అమ్మకి తొమ్మిదో వంతే. నాలుగు గుంటలు. అమ్మ అప్పీలు వేసింది. అప్పీలు నడుస్తుండగానే, 2020 ఆగస్టు 11న, వినీతా శర్మ కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ మాటను పక్కన పెట్టింది. కూతురి హక్కు పుట్టుకతో వచ్చేది, తండ్రి ఆ తేదీకి ఉన్నా లేకున్నా ఒకటే అంది. ఆ రోజు వకీలు ఫోను చేసి, ఇంక మనదేనమ్మా అన్నాడు. నాలుగు గుంటలు పన్నెండవుతాయి. కరోనా పోయి కోర్టులు మళ్లీ మామూలుగా నడిస్తే చాలు, వాదనలే మిగిలాయి.

ఆ వాదనల రోజే అమ్మ పేరు మూడుసార్లు పిలిచింది.

సాహిత్యం చదువుకున్నదాన్ని. చట్టం చదవడం నాకు రాదు. అప్పీలు పోయిందని తెలిశాక పాప నిద్రపోయే వేళల్లో సివిల్ ప్రొసీజర్ కోడ్ తీసి కూర్చున్నాను. 1908 నాటి పుస్తకం అది. 41వ ఆర్డరు 17వ రూలు చెప్పేది చిన్న సంగతి. అప్పీలు విచారణకు పిలిచినప్పుడు అప్పీలుదారు రాకపోతే కోర్టు దాన్ని కొట్టివేయవచ్చు. స్వయంగా రావాలనేం లేదు, వకీలు వచ్చినా హాజరే. కొట్టివేసి తీరాలని కూడా లేదు, ఇంకో వాయిదా వేయవచ్చు. 1976లో దానికి ఒక వివరణ చేర్చారు. మనిషి రానప్పుడు కేసులోని మంచిచెడ్డల్లోకి పోయి కొట్టేసే అధికారం ఈ రూలు ఇవ్వదు. ఈ మాటను సుప్రీంకోర్టు 1996లో ఒకసారి, 2023లో మళ్లీ గుర్తు చేయవలసి వచ్చింది. అంటే మా అమ్మకి పన్నెండు గుంటలు రావాలా నాలుగు రావాలా అన్న ప్రశ్నకి ఆ రోజు కోర్టు జవాబే చెప్పలేదు. చెప్పకూడదు కూడా. ఇలా కొట్టివేసిన ఉత్తర్వు డిక్రీ కిందికి రాదని కోడ్ రెండో సెక్షనే చెబుతుంది. అమ్మ ఓడిపోలేదు. ఓడిపోతే పై కోర్టుకి పోవచ్చు. ఇక్కడ చేయగలిగింది ఒకటే. 19వ రూలు కింద మళ్లీ అదే కోర్టును ఆశ్రయించి, ఆ రోజు రాకపోవడానికి 'తగిన కారణం' ఉందని రుజువు చేసుకోవడం. దానికి గడువు 30 రోజులు. మాకు తెలిసేసరికి ఆరు నెలలు దాటింది. గడువు దాటిన ప్రతి రోజుకీ మన్నించమని వేరే దరఖాస్తు వేయాలి.

అదే రూలులో రెండో ముక్క ఉంది. అప్పీలుదారు వచ్చి ఎదుటివాళ్లు రాకపోతే, వాళ్లు లేకుండానే అప్పీలు వింటారు. చూడ్డానికి రెండు పక్కలా సమానంగానే ఉంది. రానివాళ్లకి నష్టం. కాని కాసేపు ఆగి చూస్తే తేడా కనిపిస్తుంది. అడిగేవాళ్లు రాకపోతే అడగడమే ఆగిపోతుంది. చేతిలో ఉన్నవాళ్లు రాకపోతే కోర్టు వినాలి, తేల్చాలి, అప్పటిదాకా భూమి వాళ్ల చేతిలోనే ఉంటుంది. ఆస్తి తగాదాల్లో చేతిలో ఉన్నది ఎవరికి, అడగవలసింది ఎవరు? కూతుళ్లు, అక్కచెల్లెళ్లు, వదిలేసిన భార్యలు, మొగుడు పోయిన కోడళ్లు. రూలు రాసినవాళ్లకి ఆడా మగా తేడా ఉండి ఉండదు. కాని ఎప్పుడూ అడిగే స్థానంలోనే ఉండవలసినవాళ్ల మీద అది ఎక్కువ బరువుతో పడుతుంది.

ఇంతకీ ఆ రోజు అమ్మ ఎక్కడుంది?

వరంగల్‌లో ఉంది. అప్పుడు నేనక్కడ ఉద్యోగం చేస్తున్నాను. ఎనిమిదో నెల సగంలోనే నాకు కాన్పయింది. పాప కిలో ఆరువందల గ్రాములు. ఇరవై నాలుగు రోజులు పసిపిల్లల ఐసీయూలో ఉంచారు. నాకు కుట్లు, జ్వరం. మా ఆయన పగలు ఆఫీసు, సాయంత్రం మందుల షాపు. అమ్మ దిల్‌సుఖ్‌నగర్ ఇంటికి తాళం వేసి, నాన్నని తమ్ముడి దగ్గర దించి వచ్చింది. బరువు తక్కువ పిల్లల్ని గుండెల మీద ఒంటికి ఒళ్లు ఆనేట్టు పడుకోబెట్టుకోమంటారు, కంగారూ పద్ధతి అని. తల్లే చెయ్యాలనేం లేదు, ఇంట్లో ఎవరైనా చేయవచ్చు. నేను కూర్చోలేకపోయేదాన్ని. కాబట్టి పొద్దున పది నుంచి రెండింటిదాకా అమ్మే పాపని గుండెల మీద వేసుకుని, కుర్చీలో వెనక్కి వాలి, కదలకుండా కూర్చునేది. కదిలితే పాప ఉలిక్కిపడుతుందని దగ్గు కూడా ఆపుకునేది. కోర్టులో పేర్లు పిలిచే వేళ కూడా అదే.

పాత వకీలు దగ్గరికి పోయాం. ఆ రోజు ఆయన ఇంకో కోర్టులో ఇరుక్కుపోయాడట, జూనియరు వచ్చేసరికి పిలుపు అయిపోయిందట. తర్వాత తను అమ్మకి కబురు పెట్టాననే అనుకున్నాడట. ఆయన గుమాస్తా అఫిడవిట్టు టైపు చేసి తెచ్చాడు. అందులో అమ్మకి ఆ రోజుల్లో పచ్చకామెర్లు అని ఉంది. డాక్టరు సర్టిఫికెట్టు సంగతి తనే చూసుకుంటానన్నాడు. కోర్టు కాగితాల్లో పచ్చకామెర్లూ టైఫాయిడూ ఇలా ఎంతమందికి వచ్చాయో! నేను చదివి వినిపిస్తుంటే అమ్మ మధ్యలోనే ఆపింది.

"నాకెప్పుడైనయి పచ్చకామెర్లు?"

కోర్టుకి ఒక కారణం కావాలి కదమ్మా, అన్నాడు గుమాస్తా.

"ఉన్న కారణం రాయిండ్రి. నా బిడ్డ పురుటికి పోయిన. పాప బతుకుతదో లేదో తెల్వదు. అది రాయిండ్రి."

పురుడంటే బలంగా ఉండదమ్మా, మూడు నెలల ముందే తెలిసే పని అంటారు, జబ్బు అయితే చెప్పిరాదు కాబట్టి ఒప్పుకుంటారు, అని ఆయన ఓపిగ్గా చెప్పాడు. ఆ మాటలో అబద్ధం లేదు. ఆయన అనుభవం అది. నాకు ఒళ్లు మండింది అక్కడే. అమ్మ తనకి రోగమొచ్చిందంటే తగిన కారణం. అమ్మ ఇంకొకరి రోగానికి చాకిరీ చేసిందంటే అది కారణం కాదు. అది రోజూ ఉండేదే. ఎప్పుడూ ఉండే పనిని కారణంగా ఎవరు చూస్తారు?

అమ్మ సంతకం పెట్టలేదు. పదిహేనేళ్ల కింద మామ ఇచ్చిన కాగితం మీద పెట్టనట్టే. ఫైలు తీసుకుని ఒక మహిళా వకీలు దగ్గరికి మారాం. ఆమె మొత్తం విని, నిజమే రాద్దాం, నిలబడే దారులున్నాయంది. మూడు తీర్పుల సంగతి చెప్పింది. 1981లో రఫీక్ అనే పల్లెటూరి మనిషి కేసు. వకీలు రానందున అతని అప్పీలు పోతే, తన వంతు చేయవలసిందంతా చేసి వకీలును నమ్ముకున్న మనిషిని శిక్షించడం న్యాయం కాదని సుప్రీంకోర్టు దాన్ని తిరిగి విచారణకు పంపింది. 1987లో కాశ్మీరు నుంచి వచ్చిన కాతీజీ కేసు. ఆలస్యాన్ని రోజురోజుకీ తూకం వేసే మొండితనం వద్దు, కావాలని ఆలస్యం చేసుకుని బాగుపడేవాళ్లు ఎవరూ ఉండరని అందులో చెప్పారు. మూడోది మన ఒంగోలుది. గండూరి కోటేశ్వరమ్మ, ఆమె తోబుట్టువు. సోదరుడు వేసిన భాగపంపకం దావాలో 1999లో ప్రాథమిక డిక్రీ వచ్చేసింది. తుది డిక్రీ కాకముందే 2005 సవరణ వచ్చింది. మా వాటా మార్చమని అక్కచెల్లెళ్లు అడిగితే కింది కోర్టు సరేనంది, హైకోర్టు కాదంది. 2011 అక్టోబరులో సుప్రీంకోర్టు వాళ్ల పక్షాన చెప్పింది. తుది డిక్రీ అయ్యేదాకా వాటాలు మార్చవచ్చంది.

అప్పీలు తిరిగి రాకపోయినా ఈ దారి ఒకటుందని వకీలు ధైర్యం చెప్పింది. కాని అది మళ్లీ కింది మెట్టు నుంచి ఎక్కడం. అప్పీలు పోయింది కాబట్టి అంతా తేలిపోయిందని ఎదుటివాళ్లు అంటారు, దానికి జవాబు చెప్పుకోవాలి. అమ్మకి అరవై దాటాయి.

ఈ మధ్యలో ఒక పెళ్లిలో పెద్దమామ కనిపించాడు. పాపని ఎత్తుకున్నాడు, ముద్దు పెట్టాడు. తర్వాత నన్ను పక్కకి పిలిచి, "ప్రతి వాయిదాకు పోయినం బిడ్డా. వానొచ్చినా పోయినం, ఎండకొట్టినా పోయినం. మీ అమ్మ రాలే, కోర్టు కొట్టేసింది. మళ్ల మొదలువెడితే మా బతుకులు ఎప్పుడు తెల్లారాలె?" అన్నాడు.

ఆ మాటను తేలిగ్గా తీసిపారేయలేకపోయాను. పిలిస్తే రాని కేసుల్ని ఏళ్ల తరబడి మోయలేమనే ఆ రూలు పెట్టారు. ఎదురుగా నిలబడ్డవాడి కాలం కూడా కాలమే. అయితే ఇంటికొచ్చాక ఇంకోటి తోచింది. మామ ప్రతి వాయిదాకూ పోగలిగాడు. 2012లో మా బావకి డెంగీ వచ్చినప్పుడూ పోయాడు. ఆస్పత్రిలో అత్త ఉంది కాబట్టి. ఆయన హాజరు వెనక అత్త ఉంది. అమ్మ గైర్హాజరు వెనక నేనున్నాను.

ఇక ఆ సంగతికే వస్తాను. ఇన్ని పేజీలు చట్టం చెప్పింది దాన్ని వాయిదా వేయడానికేమో.

అమ్మ చదువు అయిదో తరగతి. పాత వకీలు ఫైలు మీద ఫోన్ నంబరు నాది. 2007 నుంచీ అమ్మ కాగితాలన్నీ నేనే చదివాను, నేనే రాశాను, ఆమెకి వాయిదాలు చెప్పేదీ నేనే. కేసు కొట్టేయడానికి రెండు రోజుల ముందు గుమాస్తా మెసేజ్ పెట్టాడు. ఎల్లుండి వాయిదా, వాదనలుంటాయి, అమ్మగారిని తప్పకుండా రమ్మనండి అని.

నేను చదివాను.

ఫోను సైలెంటులో ఉందని, చూసుకోలేదని కొన్ని నెలలు నాకు నేను చెప్పుకున్నాను. అబద్ధం. మంచం మీద పడుకుని చదివాను. వరంగల్ నుంచి పొద్దున రైలెక్కితే సాయంత్రానికి తిరిగి రావచ్చు. ఆ ఒక్క పగలు పాపని ఎవరు గుండెల మీద వేసుకుంటారు? నాకు కుట్టు చీము పడుతోంది, ఎవరు చూస్తారు? అమ్మకి చెబితే పోతానంటుందేమో. మళ్లీ వాయిదా పడుతుందిలే, ఎన్నిసార్లు పడలేదు, అనుకున్నాను. ఫోను బోర్లా పెట్టేశాను.

నా పీహెచ్‌డీ తెలుగు స్త్రీల ఆత్మకథల మీద. వాళ్లు రాయకుండా వదిలేసిన చోట్ల గురించి నాలుగువందల పేజీలు రాశాను. 1986లో స్త్రీశక్తి సంఘటన వేసిన 'మనకు తెలియని మన చరిత్ర' చదివి పరిశోధనలోకి వచ్చినదాన్ని. తెలంగాణ పోరాటంలో ఉండి కూడా రికార్డుల్లో లేకుండా పోయిన స్త్రీల దగ్గరికి పోయి, వాళ్ల నోటితోనే చెప్పించిన పుస్తకం అది. గైర్హాజరు అంటే లేకపోవడం కాదు, లేకుండా చేయడం అని నా సిద్ధాంత గ్రంథంలో ఒక అధ్యాయం ముగింపు వాక్యం. మంచి వాక్యమని వైవాలో మెచ్చుకున్నారు కూడా. ఆ వాక్యం రాసిన దాన్నే అమ్మని కోర్టులో లేకుండా చేశాను. స్త్రీల చాకిరీకి విలువ కట్టరని వ్యాసాలు రాసిన దాన్నే ఆమె చాకిరీని ఆమె పన్నెండు గుంటల కంటే నాకు అవసరమైనదిగా లెక్కగట్టాను, ఆమెని అడక్కుండా.

మామ అమ్మని అడక్కుండా పసుపు కుంకుమతో సరిపెట్టాడు. నేను చేసింది దానికంటే ఎంత దూరం?

కొత్త అఫిడవిట్టు రాసేరోజు, కబురు ఎందుకు అందలేదో రాయాలి కదా అని వకీలు అడిగింది. అప్పుడు చెప్పాను. అమ్మ పక్కనే కూర్చుని ఉంది. వకీలు పెన్ను పక్కన పెట్టింది. అమ్మ చాలాసేపు ఏమీ అనలేదు. పాప ఆమె ఒళ్లోనే ఉంది, కొంగు చివర నోట్లో పెట్టుకుని.

"చెప్పినా నేను పోతుంటినా?" అంది చివరికి.

ఇది క్షమాపణ అనుకోవాలనిపించింది. బయటికొచ్చి ఆటోలో కూర్చున్నాక కూడా అదే అనుకుందామని చూశాను. కాని ఆ ప్రశ్నకి జవాబు నాకు తెలియదు. పోయేదేమో. ఒక్క పూట పాపని నర్సుకి అప్పజెప్పి, రైలెక్కి, వకీలు లేకపోయినా పిలుపు వినబడగానే లేచి నిలబడి వాయిదా అడిగేదేమో. పోకపోతే అది ఆమె నిర్ణయమయ్యేది. పోవాలా వద్దా అని తనకు తాను తేల్చుకునే ఆ ఒక్క పూట నేను ఆమెకి ఇవ్వలేదు. అమ్మలు త్యాగం చేస్తారని మనం రాస్తాం. కొన్నిసార్లు వాళ్లు చేయరు, మనమే వాళ్ల చేత చేయించి వాళ్ల పేరు పెడతాం.

అఫిడవిట్టులు రెండు పెట్టాం. అమ్మది తెలుగులో, తను ఎక్కడ ఉందో, ఎందుకు ఉందో. నాది వేరే, మెసేజ్ చదివి చెప్పలేదని. కూతురు కావాలనే చెప్పలేదంటే అది ఎదుటివాళ్లకి ఆయుధం అవుతుందని వకీలు హెచ్చరించింది. అయింది కూడా. తల్లీకూతుళ్లు కూడబలుక్కుని కట్టిన కథ అని వాదించారు. పాప డిశ్చార్జి కాగితం, అందులో బరువు, తేదీలు చూశాక, 2024లో ఆలస్యాన్ని మన్నించి అప్పీలును తిరిగి ఫైలులోకి తీసుకున్నారు. ఎదుటివాళ్లకి రెండువేల రూపాయలు ఖర్చుల కింద కట్టమన్నారు. ఆ డబ్బు కట్టి రసీదు చేతిలో పట్టుకుని అమ్మ నవ్వింది. "ఇన్నేండ్లకు అన్నకు నేనే రాఖీ పైసలిచ్చినట్టయింది" అంది.

అప్పీలు ఇంకా నడుస్తోంది. పన్నెండు గుంటలొస్తాయో నాలుగే మిగులుతాయో ఈ రోజుకి చెప్పలేను. చట్టం ఇప్పుడు అమ్మ పక్షాన ఉంది, కాని చట్టం పక్షాన ఉండటానికీ పిలిచిన రోజు అక్కడ ఉండగలగడానికీ మధ్య ఎంత దూరముందో మాకు తెలిసొచ్చింది. స్త్రీలకు హక్కులిచ్చిన చట్టాల తేదీలు మనకి కంఠతా వచ్చు. ఆ హక్కులు గైర్హాజరు కింద ఎన్ని పోయాయో, ఆ రోజు ఆ ఆడవాళ్లు ఎవరి మంచం పక్కన కూర్చున్నారో ఎక్కడా రాసి లేదు. పరిశోధన చేసే మనలో ఎవరైనా ఆ పని మీద కూర్చుంటే బాగుండును. నేను చేస్తే నా పేరు కూడా అందులో రాసుకోవాలి.

అప్పీలు తిరిగొచ్చిన వారం అమ్మ ఒక్కతే వకీలు ఆఫీసుకు పోయింది. నాకు చెప్పలేదు. తర్వాత వకీలే చెప్పింది. ఫైలు మీద నా నంబరు కొట్టేయించి, కొత్తగా కొనుక్కున్న తన ఫోను నంబరు రాయించిందట. మెసేజ్ వస్తే చదివి పెట్టడానికి పక్కింటి ఇంటర్ పిల్లని మాట్లాడుకుంది.